ఎవరూ లేని బురుజు

మా హాస్టల్ వరండాలో కెమెరా పెట్టినప్పట్నుంచి అక్కడ కూనిరాగం తీయడం మానేశాను. ఎవరూ వద్దనలేదు.

1791లో జెరెమీ బెంథామ్ అనే ఆంగ్లేయుడు ఒక జైలు నమూనా ప్రచురించాడు. పేరు పనాప్టికాన్. చుట్టూ గుండ్రంగా గదులు, నడుమ బురుజు. అందులోంచి చూస్తే ఖైదీలందరూ కనిపిస్తారు. లోపల కాపలావాడు ఉన్నాడో లేడో మాత్రం ఖైదీకి తెలీదు. అందుకని ఉన్నాడనే అనుకొని మసలుకుంటాడు. ఫ్రెంచి తాత్వికుడు మిషెల్ ఫూకో 1975లో దీన్నే ఎత్తుకొని, ఇలాంటిచోట మనిషి తనకు తానే కాపలా కాసుకుంటాడని వివరించాడు. బడులూ ఆసుపత్రులూ కూడా ఈ పద్ధతివేనట. (కెమెరా వచ్చాక దొంగతనాలు తగ్గాయంటారు, కాదనను.)

మొన్న వార్డెనమ్మ చెప్పారు, ఆ కెమెరా దసరా నుంచి పనిచెయ్యట్లేదట. అది విన్నాక కూడా వరండాలోకి రాగానే నా చెయ్యి చున్నీ మీదికే పోతోంది.