ఒక సంతకం, ఒక సినిమా: ఆంగెలికా డోమ్‌రోజె

జర్మన్ సినిమా అనగానే మనకి గుర్తొచ్చే పేర్లు చాలావరకు పశ్చిమ జర్మనీవే. కానీ 1949 నుంచి 1990 వరకు తూర్పు జర్మనీ అని ఇంకో దేశం ఉండేది. అక్కడ సినిమాలు తీసే సంస్థ ఒక్కటే, డేఫా. అది ప్రభుత్వానిది. నిర్మాతా ప్రభుత్వమే, సెన్సారూ ప్రభుత్వమే, టీవీ కూడా ప్రభుత్వానిదే అన్నమాట. అలాంటి చోట స్టార్ అయ్యాక సర్కారుకి నచ్చని కాగితం మీద సంతకం పెడితే ఏమవుతుంది? ఆంగెలికా డోమ్‌రోజె జీవితం చూస్తే తెలుస్తుంది.

ఆమె 1941లో బెర్లిన్‌లో పుట్టింది. మొదట ఆఫీసులో స్టెనోటైపిస్టు. దర్శకుడు స్లాటాన్ డూడోవ్ కొత్త అమ్మాయి కోసం వెతుకుతూ ఆమెని ఎంచుకున్నాడు. ఆ సినిమా 1959లో వచ్చింది. నటన చదువుకున్నది ఆ తర్వాతే, బాబెల్స్‌బెర్గ్ ఫిల్మ్ స్కూల్లో. తర్వాత బ్రెహ్ట్ స్థాపించిన బెర్లినర్ ఆన్సాంబుల్లో నాటకాలు, పక్కనే టీవీ. 1970లో ఫోంటానె నవల ‘ఎఫీ బ్రీస్ట్’ని అక్కడి టీవీ కోసం తీస్తే ఎఫీ ఆమే. నాలుగేళ్ల తర్వాత అదే పాత్రని పశ్చిమాన ఫాస్‌బిండర్ సినిమాలో హానా షిగులా చేసింది. ప్రపంచానికి తెలిసింది మాత్రం ఆ రెండోదే.

1973లో ‘పౌల్, పౌలాల గాథ’ వచ్చింది. దర్శకుడు హైనర్ కారో. పౌలా సూపర్‌మార్కెట్‌లో పనిచేసే ఒంటరి తల్లి, ఇద్దరు పిల్లలు. పౌల్ ఎదురింట్లో ఉండే మంత్రిత్వ శాఖ ఉద్యోగి. పెళ్లయింది, సుఖం లేదు, కానీ ఉద్యోగం పోతుందేమోనని భయం. చూస్తే మామూలు ప్రేమకథే కదా? అధికారులకి అక్కడే ఇబ్బంది వచ్చింది. సమాజం కోసం, పార్టీ కోసం బతకాల్సిన దేశంలో ఈ పిల్ల ‘నాకు సంతోషం కావాలి, అదీ ఇప్పుడే’ అన్నట్టు బతుకుతుంది. చివరికి దేశాధినేత హోనెకరే ఒప్పుకుంటే గానీ విడుదల కాలేదంటారు. కోటీ డెబ్భై లక్షల జనాభా ఉన్న దేశంలో సుమారు 30 లక్షల మంది చూశారు!

1976 నవంబరులో వోల్ఫ్ బీర్మన్ అనే కవి గాయకుడు పశ్చిమాన కొలోన్‌లో కచేరీ చేశాడు. మూడు రోజులకే తూర్పు జర్మనీ అతని పౌరసత్వం రద్దు చేసింది. ఇంటికి రానివ్వలేదు. ఈ నిర్ణయం గురించి మళ్లీ ఆలోచించండని రచయితలు ఒక లేఖ రాస్తే, తర్వాతి రోజుల్లో వందమందికి పైగా కళాకారులు సంతకాలు చేశారు. వాళ్లలో డోమ్‌రోజె, ఆమె భర్త, నటుడు హిల్మార్ టాటె కూడా ఉన్నారు.

ఆమెని జైల్లో పెట్టలేదు. నిషేధమని ఎవరూ ప్రకటించనూ లేదు. పనులు తగ్గిపోయాయి, అంతే. పూర్తిగా ఆగలేదు కూడా, 1978లో ఒక టీవీ చిత్రంలో ప్రధాన పాత్ర చేసింది. నాకు ఇదే ఎక్కువ భయంగా అనిపిస్తుంది. శిక్ష కనబడితే పోట్లాడొచ్చు; ఫోను మోగకపోతే ఎవరితో పోట్లాడతాం? ఉన్న కంపెనీ ఒక్కటే. 1980లో దంపతులిద్దరూ పశ్చిమ బెర్లిన్ వెళ్లిపోయారు. రెండేళ్లకి పౌల్‌గా నటించిన విన్‌ఫ్రీడ్ గ్లాట్సేడర్ కూడా వెళ్లాడు. హీరో హీరోయిన్లిద్దరూ ‘వెళ్లిపోయినవాళ్లు’ అయ్యేసరికి ఆ సినిమా తూర్పు టీవీలో కనిపించడం మానేసింది.

పశ్చిమాన ఆమె ఎక్కువగా నాటకాల్లో నిలబడింది. 1989లో గోడ కూలింది. 1994 నుంచి 1998 దాకా ‘పోలిట్సైరూఫ్ 110’ అనే టీవీ సిరీస్‌లో ఇన్‌స్పెక్టర్ వేరా బీలెవ్‌స్కీగా చేసింది. తమాషా ఏంటంటే ఆ సిరీస్ 1971లో తూర్పు జర్మనీ టీవీ మొదలుపెట్టిందే. దేశం పోయింది, సిరీస్ మిగిలింది.

సినిమా కూడా మిగిలింది. తూర్పున పెరిగిన ఆంగెలా మెర్కెల్ తనకిష్టమైన సినిమాగా దీన్నే చెప్పింది. బెర్లిన్‌లో రుమ్మెల్స్‌బుర్గ్ దగ్గర నీటి ఒడ్డుకి ‘పౌల్, పౌలా తీరం’ అని పేరు పెట్టారు. సబ్‌టైటిల్స్‌తో చూస్తే, పౌల్ గొడ్డలితో పౌలా తలుపు పగలగొట్టే సీన్ దగ్గర చుట్టుపక్కల వాళ్ల ముఖాలు గమనించండి. ఒక్కరు కూడా ఆపరు.