సముద్రానికి ఒక విరామం: కేరళ తీరం నేర్పిన ఆర్థిక పాఠం

రైతు ఎంతటి కరవులోనైనా విత్తనపు గింజలను దాచుకుంటాడు. పొలం తనది, వచ్చే ఏటి పంట కూడా తనదే. కనుక ఆ నిగ్రహం అతనికి సాధ్యమవుతుంది. సముద్రం విషయంలో పరిస్థితి వేరు. నీటిలో ఉన్నంతవరకు చేప అందరిదీ. వలలో పడిన తర్వాతనే అది ఒకరి సొత్తు. నేడు ఒకరు జాలితో విడిచిపెట్టిన పిల్ల చేపను రేపు మరొకరు పట్టుకుపోవచ్చు. అందువల్ల విత్తనాన్ని కాపాడాలనే కోరిక ఉన్నవారికి సైతం, ఒంటరిగా ఆ పని చేయడం సాధ్యం కాదు. సముద్ర మత్స్య పరిశ్రమలోని ఆర్థిక సమస్యలకు చాలావరకు ఈ వాస్తవమే మూలం. ఆ సమస్య ఎలా తలెత్తుతుందో, దానిని ఎంతవరకు పరిష్కరించుకోవచ్చునో తెలుసుకోవడానికి కేరళ తీరప్రాంత అనుభవం చక్కని ఉదాహరణ.

ఉమ్మడి సంపద లెక్క

కెనడా ఆర్థికవేత్త హెచ్. స్కాట్ గోర్డన్ 1954లో ప్రచురించిన వ్యాసంలో ఈ సమస్యను శాస్త్రీయంగా వివరించారు. ఆయన వాదన సారాంశాన్ని ఒక ఊహాత్మకమైన లెక్కతో గ్రహించవచ్చు.

ఒక తీరంలో 20 పడవలు ఉన్నాయనుకుందాం. ఒక్కొక్క పడవకు 50 బుట్టల చొప్పున మొత్తం 1,000 బుట్టల చేపలు లభిస్తున్నాయి. పడవ, వల, ఇంధనం, కూలి ఖర్చులన్నీ కలిపి పడవకు 30 బుట్టల విలువ అవుతుంది. మిగిలే 20 బుట్టలు నికర లాభం. అంటే తీరం మొత్తానికి 400 బుట్టల మిగులు. ఈ లాభాన్ని చూసి మరికొందరు పెట్టుబడి పెడతారు. పడవలు 30 అయ్యేసరికి మొత్తం వేట 1,110 బుట్టలకు పెరుగుతుంది. కాని పడవకు వచ్చేది 37 బుట్టలే. మొత్తం మిగులు 210 బుట్టలకు పడిపోతుంది. అయినా ఇంకా ఎంతో కొంత లాభం కనిపిస్తూనే ఉంటుంది కనుక కొత్తవారి రాక ఆగదు. పడవలు 36కు చేరినప్పుడు సంతానోత్పత్తి దెబ్బతిని మొత్తం వేట 1,080 బుట్టలకు తగ్గుతుంది. పడవకు 30 బుట్టలు వస్తాయి, ఖర్చూ అంతే. మిగులు సున్న.

ఇందులో ఎవరూ అవివేకంగా ప్రవర్తించలేదు. కొత్తగా వచ్చిన ప్రతివాడూ తన లాభాన్నే లెక్కించుకున్నాడు. అతని రాకవల్ల కలిగిన నష్టం మాత్రం తీరం మీద అందరికీ పంపిణీ అయింది. పెట్టుబడి పెరిగితే ఉత్పత్తి, ఉత్పత్తి పెరిగితే ఆదాయం పెరుగుతాయనే సామాన్య సూత్రం ఇక్కడ ఒక హద్దు దాటిన తర్వాత తలక్రిందులవుతుంది.

నార్వే సహాయం, రొయ్యల గిరాకీ

1952 అక్టోబరులో భారతదేశం, నార్వే, ఐక్యరాజ్యసమితి కలిసి ఒక ఒప్పందం కుదుర్చుకున్నాయి. దాని ప్రకారం 1953లో నాటి తిరువాన్కూరు–కొచ్చిన్ రాష్ట్రంలో, కొల్లం సమీపాన ఉన్న శక్తికుళంగర, నీండకర ప్రాంతంలో మత్స్యకారుల అభివృద్ధి పథకం ఆరంభమైంది. పడవలకు యంత్రాలు అమర్చడం, మంచు కర్మాగారం నెలకొల్పడం, తాగునీరు, వైద్య సౌకర్యాలు కల్పించడం దాని తొలి ఆశయాలు. మత్స్యకారుని జీవన ప్రమాణాన్ని పెంచడమే పరమావధి.

కాని అదే కాలంలో శీతలీకరించిన రొయ్యలకు విదేశాలలో గిరాకీ ఏర్పడింది. అమెరికా, జపాను దేశాల విపణులు రొయ్యకు ఇచ్చే ధర ముందు స్థానిక ప్రజల ఆహారమైన చేప ధర ఏపాటిది? 1960 దశకంలో సముద్రపు అడుగును జల్లెడపట్టే ట్రాల్ వలలు, వాటిని లాగే మరపడవలు త్వరితగతిన పెరిగాయి. అంతవరకు వేటతో సంబంధం లేని వర్తకులు సైతం ఈ రంగంలో పెట్టుబడి పెట్టారు.

ఫలితం పైన చెప్పిన లెక్కను తలపించింది. కేరళలో సముద్ర మత్స్య దిగుబడి 1973లో సుమారు 4.48 లక్షల టన్నులు. 1980 నాటికి అది సుమారు 2.79 లక్షల టన్నులకు తగ్గింది. ట్రాలర్లు ఒడ్డుకు దగ్గరగా వచ్చి వేటాడటంవల్ల చిన్న నావల వారి వలలు తెగిపోయేవి. వారి జీవనాధారమైన చేప తరిగిపోయింది. ఘర్షణలు చెలరేగాయి. 1980 దశకం తొలి సంవత్సరాలలో మత్స్యకార సంఘాలు నిరాహారదీక్షలతో ఆందోళన సాగించాయి. వర్షాకాలంలో ట్రాలింగును నిషేధించాలన్నది వారి ప్రధానమైన కోరిక. అనేక జాతుల చేపలు ఆ కాలంలోనే గుడ్లు పెడతాయన్నది వారి వాదన.

చట్టం పాత్ర

మన రాజ్యాంగం ప్రకారం ప్రాదేశిక జలాలలోని మత్స్య పరిశ్రమ రాష్ట్రాల పరిధిలోనిది. అంతకు ఆవలిది కేంద్రం పరిధిలోనిది. కేంద్ర ప్రభుత్వం 1979లో ఒక నమూనా బిల్లును రాష్ట్రాలకు పంపింది. 1980లో కేరళ సముద్ర మత్స్య వేట నియంత్రణ చట్టం వచ్చింది. తీరానికి దగ్గరి జలాలను సంప్రదాయ మత్స్యకారులకు ప్రత్యేకించడం ఇటువంటి చట్టాలలోని ముఖ్యాంశం. ఆంధ్రప్రదేశ్ తన చట్టాన్ని 1994లో చేసుకుంది.

వర్షాకాల నిషేధం మాత్రం సులభంగా రాలేదు. బాబు పాల్, కళావర్, బాలకృష్ణన్ నాయర్‌ల అధ్యక్షతన వరుసగా మూడు సంఘాలు ఈ అంశాన్ని పరిశీలించాయి. చివరికి 1988లో నిషేధం మొదలైంది. 1994లో సుప్రీంకోర్టు దానిని సమర్థించింది. తొలి సంవత్సరాలలో గడువు మారుతూ వచ్చినా, 2018 నుండి కేరళలో ట్రాలింగుకు 52 రోజుల విరామం అమలవుతున్నది. తూర్పు తీరంలో ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు 61 రోజులు వేట నిషిద్ధం.

1989, 1990లలో కేరళ దిగుబడి 6 లక్షల టన్నులు దాటింది. ఈ పెరుగుదలను నిషేధానికే ఆపాదించడం సరికాదు. అదే కాలంలో సంప్రదాయ పడవలకు మోటార్లు వచ్చాయి. పెద్ద రింగు వలలు వ్యాపించాయి. సముద్రంలోని సహజమైన మార్పుల ప్రభావమూ ఉన్నది. పైగా నిన్న ట్రాలర్లను ఎదిరించిన వారే నేడు అప్పుచేసి ఒకరిని మించి ఒకరు పెద్ద వలలు కొనడం ఆరంభించారు. హద్దులేని పోటీ ఏ వర్గాన్నీ విడిచిపెట్టదు.

దీని పర్యవసానాన్ని మలయాళీలు మత్తి అని పిలిచే నూనె కవళ్లలో చూడవచ్చు. 2012లో కేరళలో వీటి దిగుబడి దాదాపు 4 లక్షల టన్నులు. 2021లో అది 3,297 టన్నులకు క్షీణించింది. ఇందులో సముద్ర వాతావరణ మార్పులకు ప్రధాన పాత్ర ఉన్నది. పిల్ల చేపలను విచ్చలవిడిగా పట్టడం ఆ కష్టాన్ని మరింత పెంచింది. ఎరువుకో, దాణాకో చౌకగా అమ్ముడుపోయే పిల్ల చేప కొన్ని నెలలు నీటిలోనే ఉంటే మనిషికి ఆహారమై ఎన్నో రెట్లు విలువ తెస్తుంది. ఈ ఉద్దేశంతోనే 2015లో కేరళ 14 జాతులకు, ఆ పిమ్మట 58 జాతులకు కనీస పరిమాణాన్ని నిర్ణయించింది. నూనె కవళ్లకు అది 10 సెంటీమీటర్లు.

విరామపు ఖర్చు ఎవరిది?

విరామం ఒక విధమైన పొదుపు. కాని రోజు కూలిమీద బ్రతికే కుటుంబానికి రెండు నెలల పొదుపు అంటే రెండు నెలల పస్తు. రేపటి చేప దేశానికంతటికీ లాభమైనప్పుడు నేటి నష్టాన్ని కళాసీ ఒక్కడే భరించడం న్యాయం కాదు. అందుకే మత్స్యకారుడు 1,500 రూపాయలు పొదుపుచేస్తే, ప్రభుత్వాలు 3,000 రూపాయలు కలిపి వేటలేని నెలలలో చెల్లించే పథకం అమలులోకి వచ్చింది. ఆంధ్రప్రదేశ్‌లో నిషేధ కాలపు భృతి 2019లో 10,000 రూపాయలు కాగా, 2025లో అది 20,000 రూపాయలయింది.

చేపల సంఖ్యను పెంచకుండానే ఆదాయం పెంచే మార్గమూ ఉన్నది. పూర్వం అప్పు ఇచ్చిన వర్తకుడే ఒడ్డున చేప ధరను నిర్ణయించేవాడు. తిరువనంతపురం సమీపంలోని మరియనాడు గ్రామంలో మత్స్యకారులు సహకార సంఘంగా ఏర్పడి వేలంపాటను తమ చేతిలోకి తీసుకున్నారు. ఇటువంటి సంఘాలు 1980లో దక్షిణ భారత మత్స్యకార సంఘాల సమాఖ్యగా రూపొందాయి. ఎక్కువ చేప పట్టడం ఒక అభివృద్ధి. పట్టిన చేపకు తగిన ధర పొందడం అంతకంటె స్థిరమైన అభివృద్ధి.

ఈ రెండూ లోపించిన చోట మనిషి వలసపోతాడు. శ్రీకాకుళం, విజయనగరం తీరాల నుండి వందలాది కిలోమీటర్ల దూరాన ఉన్న గుజరాత్‌లోని వేరావల్ రేవుకు వెళ్లి పరుల పడవలమీద కూలికి వేటాడే తెలుగువారు ఎందరో ఉన్నారు. 2018లో సముద్ర సరిహద్దు దాటారని పాకిస్తాన్ నిర్బంధించిన వారిలో 20 మంది ఆంధ్ర మత్స్యకారులు 2020 జనవరిలో వాఘా మీదుగా స్వదేశం చేరుకున్నారు. సొంత తీరంలో బ్రతుకు గడిస్తే అంత దూరం పోవలసిన అవసరం చాలామందికి కలుగదు.

చేపకు రాష్ట్రాల ఎల్లలు తెలియవు. ఒక రాష్ట్రం పాటించిన విరామపు ఫలం పొరుగు రాష్ట్రపు వలలో పడవచ్చు. ఒకరి నిర్లక్ష్యం అందరికీ నష్టం తేవచ్చు. కాబట్టి ఇక్కడ నిగ్రహం ఉమ్మడిగా ఉంటేనే ఫలిస్తుంది. నియమం అందరికీ ఒకటిగా ఉండి, దాని భారాన్ని అందరూ పంచుకున్నప్పుడు, రైతు విత్తనపు గింజలను దాచుకున్నట్లే మత్స్యకారుడు కూడా రేపటి చేపను సముద్రంలో దాచుకోగలుగుతాడు.