బట్టమేక పిట్ట నేర్పిన ఏడు పాఠాలు

కర్నూలు సీమలో రోళ్లపాడు గడ్డి బీళ్ల చుట్టుపక్కల వయసంతా గడిపినవాణ్ని. 1988లో అక్కడ సుమారు ఆరు చదరపు కిలోమీటర్ల నేలను బట్టమేక పిట్ట కోసం అభయారణ్యంగా ప్రకటించారు. ఇప్పుడు మా బీళ్లలో అది కనిపించడమే గగనం. దాని నడవడిని కళ్లారా చూసిన మా తరం పోయేలోపు, కెమెరాలతో వచ్చే పిల్లలకూ బీడు పక్కన సేద్యం చేసే రైతులకూ నాకు తెలిసింది చెప్పిపోవాలి. ఈ పిట్ట అలవాటు ఒక్కొక్కటీ మనం ఏం చేయకూడదో చెబుతుంది.

1. అది నడక మొదలుపెడితే నువ్వు ఆగు

నిలబడితే మీటరు ఎత్తు ఉంటుంది. మగది పదిహేను కిలోల దాకా తూగుతుంది. ఎగరగల పక్షుల్లో అంత బరువైనవి లోకంలోనే తక్కువ. కాలికి మూడే వేళ్లు, మూడూ ముందుకే. వెనక వేలు లేదు కనుక కొమ్మను పట్టుకొని కూర్చోలేదు. చెట్టెక్కని పిట్టకు పొడుగు కాళ్లూ పొడుగు మెడే మంచె. ఎంతో దూరం నుంచే మనిషిని పసిగట్టి, ఎగరకుండా మెల్లగా నడిచి తప్పుకుంటుంది. అలా కదిలిందంటే నువ్వు అప్పటికే హద్దు దాటావని అర్థం. జీపుతో వెంటపడి ఫొటో తీయడం వేటకేమీ తీసిపోదు.

2. ఏడాదికి ఒకటే గుడ్డు

గూడు కట్టదు. వట్టి నేల మీద, గడ్డి చాటున సాధారణంగా ఒకే గుడ్డు పెడుతుంది. దాదాపు నెల రోజులు పెట్ట ఒక్కతే పొదుగుతుంది. మనం దగ్గరికెళ్లి దాన్ని లేపితే కాకో ముంగిసో కుక్కో ఆ గుడ్డును దక్కించుకుంటుంది. ఆ ఏటి సంతానం అక్కడితో పోయినట్టే. వానలు పడి గడ్డి లేచిన నెలల్లో బీడు నడుమ తిరగకండి. ఊరి కుక్కల్ని అటు వదలకండి.

3. మెరకను చెడగొట్టకు

మగది ఏటేటా తనకు అలవాటైన చోటికే వస్తుంది. నలుదిక్కులా కనిపించే మెరక నేల దానికి ఇష్టం. తెల్లవారుజామునా పొద్దుగూకేటప్పుడూ మెడ కింది సంచిని గాలితో ఉబ్బించి, కిందికి వేలాడదీసి, తోకను వీపు మీదికి లేపి బొంగురుగా కూస్తుంది. ఆ కూత అర కిలోమీటరు దాకా వినిపిస్తుంది. పెట్ట ఆ కూత విని వస్తుంది. ఆ మెరక మీద కంకర తవ్వినా షెడ్డు వేసినా జత కలిసే చోటే పోతుంది.

4. బీటిలో చెట్లు నాటకు

చెట్టు నాటితే పుణ్యమని మన నమ్మకం. మిగతా చోట్ల నిజమే. గడ్డినేలలో అదే చేటు. చూపు ఆనని చోట ఈ పిట్ట నిలవదు. పైగా చెట్టు మీద కాకీ గద్దా కూర్చొని గుడ్లకోసం కాపు కాస్తాయి. సర్కారు తుమ్మ కమ్మేసిన బీడు దానికి బీడే కాదు. నడవడానికీ ఆటకూ పొట్టి గడ్డి కావాలి, గుడ్డు దాచడానికి కాస్త ఎత్తు గడ్డి కావాలి. మందలు మొత్తం మేసేసినా నష్టమే, మేతే లేక గడ్డి దట్టంగా పెరిగిపోయినా నష్టమే.

5. దాని తిండి నీ చేనులోనే ఉంది

మిడతలు, పేడపురుగులు, బల్లులు, రేగుపళ్లు, వేరుశనగ గింజలు అన్నీ తింటుంది. కొర్ర, జొన్న, శనగ వేసే మెట్టచేలు దానికి బీడుతో సమానం. కాలువ నీళ్లొచ్చి పంటలు మారాక, పురుగుమందుల వాడకం పెరిగాక ఆ తిండి తగ్గింది. బీడును ఆనుకున్న నాలుగు ఎకరాల్లోనైనా చిరుధాన్యాలు వేసి, మందు కొట్టకుండా పండించే రైతు ఈ పిట్టకు నిజమైన కాపరి.

6. తీగ దానికి కనిపించదు

కళ్లు తలకు రెండు పక్కలా ఉంటాయి. పక్కలకు బాగా చూస్తుంది గానీ ఎదుటి చూపు తక్కువ. సన్నని తీగ దగ్గరికొచ్చాక గానీ తెలియదు, ఆ బరువుతో చివరి క్షణంలో పక్కకు తిరగలేదు. రాజస్థాన్‌లోని జైసల్మేరు ఎడారిలో హైటెన్షన్ తీగలకు తగిలి ఈ పక్షులు చచ్చిపోయాయి. 2021లో సుప్రీంకోర్టు ఆ ప్రాంతంలో తీగల్ని భూమిలో వేయమంది, 2024లో ఆ ఆదేశాన్ని సవరించి నిపుణుల కమిటీకి అప్పగించింది. కరెంటు కావాలి, కాదనను. లైను దారి గీసేముందు పిట్ట దారి చూడమంటాను.

7. ఒకదాన్ని కాస్తే పదింటిని కాచినట్టు

ఆ గడ్డిలోనే నేల నెమలి వానాకాలంలో కనిపిస్తుంది. జత కోసం మగది గడ్డి పైకి మళ్లీ మళ్లీ ఎగిరెగిరి దూకుతుంది. తీతువు కూడా వట్టి నేల మీదే గుడ్లు పెట్టి, మనిషి దగ్గరికొస్తే నెత్తిమీద తిరుగుతూ అరుస్తుంది. కృష్ణజింకలూ తోడేళ్లూ బతికేదీ ఆ బీటిలోనే. బట్టమేకకు తగినట్టు నేలను ఉంచితే వీటన్నిటికీ చోటు దొరుకుతుంది.

నేడు దేశం మొత్తం మీద స్వేచ్ఛగా తిరిగే బట్టమేకలు నూటయాభైకి లోపే. ఎక్కువ భాగం జైసల్మేరు దిక్కునే ఉన్నాయి. అక్కడ 2019 నుంచి గుడ్లు సేకరించి, పొదిగించి, పిల్లల్ని పెంచుతున్నారు. ఆ పిల్లలు రేపు పెద్దవైతే తిరగడానికి గడ్డినేల ఉండాలి కదా. అందుకే నా మనవి ఒక్కటే. మీ ఊరి బీడును దున్నుతామన్నా, మొక్కలు నాటుతామన్నా, ప్లాంటు పెడతామన్నా గ్రామసభలో లేచి నిలబడండి. అక్కడ ఏ ప్రాణి బతుకుతోందో ముందు చూడమని అడగండి.