బెంచీ మీద నేర్చిన కోచింగ్

అమెరికన్ ఫుట్‌బాల్‌లో బ్యాకప్ క్వార్టర్‌బ్యాక్ ఉద్యోగం విచిత్రంగా ఉంటుంది. వారమంతా అసలు ఆటగాడితో సమానంగా చదవాలి, చెమటోడ్చాలి. మ్యాచ్ రోజున మాత్రం టోపీ పెట్టుకుని గీత బయట నిలబడాలి. క్రికెట్‌లో పన్నెండో ఆటగాడి లాంటివాడే అనుకోవచ్చు. తేడా ఏమిటంటే, ముందున్నవాడి మోకాలు దెబ్బతింటే ఇతను ఫీల్డింగ్ చేసి ఊరుకుంటే కుదరదు. అప్పటికప్పుడు దిగి జట్టు మొత్తాన్ని నడపాలి. డగ్ పీడర్సన్ తన ఆటజీవితంలో రెండు సీజన్లు మినహా మిగతా కాలమంతా ఈ ఉద్యోగమే చేశాడు. 2018 ఫిబ్రవరి 4న ఫిలడెల్ఫియా ఈగిల్స్‌కు వాళ్ల చరిత్రలో మొట్టమొదటి సూపర్ బౌల్ (వృత్తి లీగ్ ఎన్ఎఫ్ఎల్ ఫైనల్) గెలిపించిన కోచ్ కూడా ఆయనే.

ఆయన కోచింగ్ 2005లో మొదలైందని రికార్డుల్లో ఉంటుంది. నన్నడిగితే అది అంతకు చాలా ముందే, ఎవరూ చూడని ఆ గీత బయటే మొదలైంది. ఉన్న ఉద్యోగంలో ఎదుగుదల ఆగిపోయిందని బాధపడేవాళ్లు, ప్రతిభ ఉన్నా రెండో వరుసలోనే మిగిలిపోయామనుకునే విద్యార్థులు ఆయన కథను కాస్త తీరిగ్గా చదవాలి.

పని మొత్తం కనిపించే చోటు

ఈ ఆట తెలియనివారి కోసం నాలుగు మాటలు. ఒక్కో జట్టుకు 11 మంది బరిలో ఉంటారు. బంతి ఉన్న జట్టు నాలుగు ప్రయత్నాల్లో కనీసం 10 గజాలు ముందుకు పోవాలి, లేదంటే బంతి అవతలివాళ్లకు పోతుంది. ప్రతి ప్రయత్నానికీ ముందే గీసిపెట్టుకున్న పథకం ఉంటుంది. దాన్నే ‘ప్లే’ అంటారు. ఎవరు ఎటు పరుగెత్తాలి, ఎవరు ఎవరిని అడ్డుకోవాలి, బంతి ఎవరికి చేరాలి, అన్నీ అందులోనే. బంతి విసిరే క్వార్టర్‌బ్యాక్‌కు తన పని ఒక్కటే తెలిస్తే చాలదు. మిగతా పదిమంది ఎక్కడుంటారో తెలియాలి. అవతలి 11 మంది నిలబడ్డ తీరును బట్టి వాళ్లేం చేయబోతున్నారో పసిగట్టాలి. 1994 నుంచి ఎన్ఎఫ్ఎల్‌లో కోచ్ మాట క్వార్టర్‌బ్యాక్ హెల్మెట్‌లోని రేడియోలో నేరుగా వినిపిస్తోంది. ప్లే మొదలుపెట్టాల్సిన గడువు ఇంకా 15 సెకన్లు ఉండగానే ఆ రేడియో ఆగిపోతుంది. ఆ తర్వాత అంతా అతని బుర్రే.

కాబట్టి క్వార్టర్‌బ్యాక్ నేర్చుకునేది సగం కోచ్ చదువే. బ్యాకప్‌కైతే ఆ చదువు తప్ప వేరే పనే లేదు. డెన్వర్ క్వార్టర్‌బ్యాక్ జాన్ ఎల్వే వెనక తొమ్మిది సీజన్లు బ్యాకప్‌గా ఉన్న గ్యారీ క్యూబియాక్ తర్వాత అదే జట్టుకు కోచ్‌గా 50వ సూపర్ బౌల్ తెచ్చాడు. జిమ్ కెల్లీకి బ్యాకప్‌గా చేసిన ఫ్రాంక్ రైక్, టామ్ బ్రేడీ వెనక ఉన్న కెవిన్ ఓకానెల్ ఇద్దరూ హెడ్ కోచ్‌లయ్యారు. ఇంతమంది ఒకే దారిలో వచ్చారంటే దాన్ని యాదృచ్ఛికం అనలేం.

మహా ఆటగాళ్ల సంగతి వేరుగా ఉంటుంది. మొదటి రెండు సూపర్ బౌల్స్ గెలిచిన గ్రీన్‌బే క్వార్టర్‌బ్యాక్ బార్ట్ స్టార్ 1975 నుంచి 1983 దాకా అదే జట్టుకు కోచ్‌గా ఉన్నాడు. తొమ్మిది సీజన్లలో నాకౌట్ దశ అయిన ప్లేఆఫ్స్‌కు చేరింది ఒక్కసారే. అలవోకగా వచ్చిన విద్యను ఇంకొకరికి ముక్కలు చేసి చెప్పడం కష్టం. అలాగని దీన్ని సూత్రంగా పట్టుకోనక్కర్లేదు. 2001లో ఆల్ ఇంగ్లండ్ బ్యాడ్మింటన్ టైటిల్ గెలిచిన పుల్లెల గోపీచంద్ గచ్చిబౌలిలో అకాడమీ పెట్టి, సైనా, సింధులతో ఒలింపిక్ పతకాలు తెప్పించాడు. ఆయన కూడా మోకాలి ఆపరేషన్ల తర్వాత తన ఆటను మళ్లీ మొదటినుంచి కట్టుకున్నవాడే.

తీసేయడం, మళ్లీ పిలవడం

పీడర్సన్ 1968లో వాషింగ్టన్ రాష్ట్రంలోని బెల్లింగ్‌హామ్‌లో పుట్టాడు. కాలేజీ ఆట లూసియానాలో, మన్రో పట్టణంలోని విశ్వవిద్యాలయంలో ఆడాడు. కాలేజీ ఆటగాళ్లను జట్లు వంతులవారీగా ఎంచుకునే డ్రాఫ్ట్‌లో, 1991లో ఏ జట్టూ ఆయన్ని ఎంచుకోలేదు. మయామీ డాల్ఫిన్స్ విడిగా పిలిచి ఒప్పందం ఇచ్చింది, తర్వాత తీసేసింది, మళ్లీ పిలిచింది. ఆ మధ్యలో అవకాశం ఎక్కడ దొరికితే అక్కడ, వరల్డ్ లీగ్ అనే చిన్న లీగ్‌లో న్యూయార్క్-న్యూజెర్సీ జట్టుకు ఆడాడు.

1993 నవంబరు 14న ఒక అవకాశం వచ్చింది. మయామీ అసలు క్వార్టర్‌బ్యాక్ డాన్ మరీనో అప్పటికే గాయంతో సీజన్‌కు దూరమయ్యాడు. ఆ రోజు రెండోవాడు స్కాట్ మిచెల్ భుజం దెబ్బతింది. మూడోవాడు పీడర్సన్ దిగాడు. మయామీ 19-14తో గెలిచింది. కోచ్ డాన్ షులాకు అది 325వ విజయం, జార్జ్ హాలస్ రికార్డును దాటిన విజయం. పతాక శీర్షికలన్నీ సహజంగానే షులావి. మ్యాచ్ జరిగిన ఊరు ఫిలడెల్ఫియా!

ఆ తర్వాత గ్రీన్‌బే. అక్కడ ముందున్నవాడు బ్రెట్ ఫార్వ్. 1992 నుంచి 2010 వరకు వరుసగా 297 రెగ్యులర్ సీజన్ మ్యాచ్‌లు మొదలుపెట్టిన మనిషి, ఒక్కటీ వదల్లేదు. అలాంటివాడి వెనక బ్యాకప్‌గా ఉంటే ఆడే అవకాశం ఎంతో చెప్పనక్కర్లేదు. అయినా అక్కడి సమావేశ గదిలో కూర్చున్నవాళ్లను చూడండి. హెడ్ కోచ్ మైక్ హోమ్‌గ్రెన్, ఒకప్పుడు హైస్కూల్లో చరిత్ర పాఠాలు చెప్పినవాడు. క్వార్టర్‌బ్యాక్‌ల కోచ్ ఆండీ రీడ్. పీడర్సన్ వాళ్లతో గంటలకొద్దీ మ్యాచ్ వీడియోలు చూశాడు. మ్యాచ్ మధ్యలో అవతలివాళ్లు నిలబడ్డ తీరు గురించి ఫార్వ్‌తో మాట్లాడాడు. కిక్ కొట్టేవాడికి బంతి నిలబెట్టి పట్టుకునే పని కూడా చేశాడు. 1997 జనవరిలో గ్రీన్‌బే సూపర్ బౌల్ గెలిచినప్పుడు ఆయనకూ ఉంగరం వచ్చింది.

1999లో ఆండీ రీడ్ ఈగిల్స్ హెడ్ కోచ్ అయి పీడర్సన్‌ను వెంట తీసుకెళ్లాడు. చేతిలో పెట్టిన పని మాత్రం చాలా కష్టమైనది. జట్టు ఆ ఏడాది డ్రాఫ్ట్‌లో రెండో ఎంపికగా డొనోవన్ మెక్‌నాబ్‌ను తెచ్చుకుంది. అతను కుదురుకునేదాకా పీడర్సన్ ఆడాలి, ఆడుతూనే అతనికి నేర్పాలి, సమయం రాగానే తప్పుకోవాలి. తొమ్మిది మ్యాచ్‌లు ఆడాడు. ప్రేక్షకులు ఈలలు వేసి గేలి చేశారు. నవంబరులో మెక్‌నాబ్ వచ్చాడు. తన కుర్చీలో కూర్చోబోయేవాడికి తానే శిక్షణ ఇవ్వడం మన కార్యాలయాల్లోనూ జరిగేదే. చాలామంది మనసులో ఏదో దాచుకుని సగమే చెబుతారు. పీడర్సన్ మొత్తం చెప్పినట్టున్నాడు, ఎందుకంటే పదేళ్ల తర్వాత రీడ్ ఆయన్నే మళ్లీ పిలిచాడు.

స్కూల్ మైదానం

2004 అక్టోబరులో ఫార్వ్ తలకు దెబ్బ తగిలిన మ్యాచ్‌లో, అప్పటికి మళ్లీ గ్రీన్‌బేకు చేరిన పీడర్సన్ దిగి, తనూ గాయపడ్డాడు. ఆటజీవితం అక్కడితో ముగిసింది. సూపర్ బౌల్ ఉంగరం ఉన్న మాజీ ఆటగాడు టీవీలో వ్యాఖ్యానం చెప్పుకోవచ్చు, పెద్ద జట్టులో ఏదో ఒక పదవి అడగవచ్చు. ఆయన లూసియానాలోని ష్రీవ్‌పోర్ట్‌లో కాల్వరీ బాప్టిస్ట్ అకాడమీ అనే స్కూల్‌లో కోచ్‌గా చేరాడు. అక్కడ ఫుట్‌బాల్ జట్టు మొదలై అప్పటికి ఎంతో కాలం కాలేదు. నాలుగు సీజన్లు అక్కడే ఉన్నాడు.

కెరీర్ సలహా ఇచ్చేవాళ్లు దీన్ని వినయం అంటారు. నాకు అంతకంటే తెలివిగా కనిపిస్తుంది. ఎన్ఎఫ్ఎల్‌లో సహాయక కోచ్‌గా చేరి ఉంటే ఏళ్ల తరబడి ఒక చిన్న ముక్క మీదే పని చేయాల్సి వచ్చేది. స్కూల్లో మొత్తం ఆయనదే. ఏ ప్లే వేయాలి, ఎవరిని ఆడించాలి, ఓడిపోయిన రాత్రి పదహారేళ్ల పిల్లాడికి ఏం చెప్పాలి, తల్లిదండ్రులతో ఎలా మాట్లాడాలి, అన్నీ తనే తేల్చుకోవాలి. పెద్ద సంస్థలో చిన్న పదవి కావాలా, చిన్న సంస్థలో పూర్తి బాధ్యత కావాలా అని ఎవరైనా అడిగితే, నాయకత్వం వైపు వెళ్లాలనుకునేవాళ్లు రెండోదే ఎంచుకోవాలంటాను.

2009లో ఈగిల్స్‌లో రీడ్ దగ్గర చేరినప్పుడు పదవి పేరు అఫెన్సివ్ క్వాలిటీ కంట్రోల్ కోచ్. పేరు ఘనంగా ఉన్నా కోచింగ్ బృందంలో అది అట్టడుగు మెట్టు. రాబోయే ప్రత్యర్థి ఆడిన పాత మ్యాచ్‌ల వీడియోలను ఒక్కో ప్లేగా విడగొట్టి, ఎన్నో ప్రయత్నంలో, ఎన్ని గజాలు మిగిలినప్పుడు, ఏ వరుసలో నిలబడి ఏం చేశారో పట్టికలు కట్టాలి. సాధనలో ప్రత్యర్థిలా ఆడేవాళ్ల కోసం కార్డుల మీద బొమ్మలు గీయాలి. అప్పటికి ఆయనకు 41 ఏళ్లు. అక్కడి నుంచి 2011లో క్వార్టర్‌బ్యాక్‌ల కోచ్, 2013లో రీడ్ వెంట కాన్సాస్ సిటీకి వెళ్లి అఫెన్సివ్ కోఆర్డినేటర్ (దాడి విభాగానికి బాధ్యుడు), 2016లో ఈగిల్స్ హెడ్ కోచ్.

ఈ వరుసలో రీడ్ పేరు ఎన్నిసార్లు వచ్చిందో గమనించే ఉంటారు. పరిచయాలతో పని లేదని, ప్రతిభ ఉంటే చాలని పిల్లలకు చెప్పడం మోసం చేయడమే అవుతుంది. ఇక్కడ పరిచయం అంటే సిఫారసు ఉత్తరం అనుకోకూడదు. ఆడే అవకాశం లేని రోజుల్లో ఎలా పని చేశాడో పక్కనే కూర్చుని ఏళ్ల తరబడి చూసిన ఒక మనిషి ఉన్నాడు, అంతే.

బ్యాకప్ చేతిలో సూపర్ బౌల్

హెడ్ కోచ్‌గా తొలి ఏడాది ఏడు గెలుపులు, తొమ్మిది ఓటములు. 2017 సీజన్ ముందు ఒక మాజీ జనరల్ మేనేజర్, ఈయనకు ఆ పదవికి తగ్గ అర్హతే లేదన్నట్టు బాహాటంగా మాట్లాడాడు. ఆ సీజన్‌లో జట్టు 13 మ్యాచ్‌లు గెలిచింది. అయితే డిసెంబరులో యువ స్టార్ కార్సన్ వెంట్జ్ మోకాలు దెబ్బతింది. మిగిలింది బ్యాకప్ నిక్ ఫోల్స్. 2016లో ఆట మానేద్దామా అని ఆలోచించిన మనిషి అతను.

ఆ బెంచీ ఎలా ఉంటుందో పీడర్సన్‌కు తెలియనిదా! వెంట్జ్ కోసం రాసిన ప్లేబుక్‌లోకి ఫోల్స్‌ను ఇరికించకుండా, ఫోల్స్‌కు ఏది అనువుగా ఉంటుందో చూసి పథకాలు మార్చాడు. 2013లో ఫోల్స్ 27 టచ్‌డౌన్ (గోల్ గీత దాటించే) పాస్‌లు వేసి రెండే ఇంటర్‌సెప్షన్లు (అవతలివాళ్లు అందుకున్న పాస్‌లు) ఇచ్చిన సీజన్ ఒకటి ఉండనే ఉంది. పీడర్సన్ దృష్టి ఆ బలాల మీద పడింది.

సూపర్ బౌల్ మిన్నియాపాలిస్‌లో, ఎదురుగా టామ్ బ్రేడీ ఉన్న న్యూ ఇంగ్లండ్ పేట్రియట్స్. విరామానికి 38 సెకన్ల ముందు, నాలుగో ప్రయత్నం, గోల్ గీతకు ఒక్క గజం దూరం. మూడు పాయింట్ల ఫీల్డ్ గోల్ కొట్టుకుని పోవడం క్షేమమైన దారి. ఫోల్స్ మైదానం అంచు గీత దగ్గరికి నడిచి వచ్చి, తనే బంతి అందుకునే గమ్మత్తు ప్లే ఒకటి వేద్దామా అని కోచ్‌ను అడిగాడు. పీడర్సన్ ఒక్క క్షణం ఆగి సరేనన్నాడు. ట్రే బర్టన్ విసిరిన బంతిని ఫోల్స్ పట్టుకుని టచ్‌డౌన్ చేశాడు. ఈగిల్స్ 41-33తో గెలిచింది, ఉత్తమ ఆటగాడి బహుమతి ఫోల్స్‌కు వచ్చింది. ఆ ప్లే వేసిన ధైర్యం గురించి చాలా రాశారు. నాకు అంతకంటే ముఖ్యంగా కనిపించేది వేరే విషయం. కింది ఉద్యోగి ఒత్తిడి వేళ వచ్చి ఒక మాట చెప్పగలిగాడంటే, అలా చెప్పవచ్చన్న నమ్మకం అంతకు నెలల ముందే అతనికి కలిగి ఉండాలి. ఆటగాడిగా, హెడ్ కోచ్‌గా కూడా సూపర్ బౌల్ గెలిచినవాళ్లలో టామ్ ఫ్లోరెస్, మైక్ డిట్కా, టోనీ డంగీల తర్వాత పీడర్సన్ నాలుగోవాడు.

కథ అక్కడ ఆపేస్తే అబద్ధమవుతుంది. 2020 సీజన్‌లో నాలుగే మ్యాచ్‌లు గెలవడంతో 2021 జనవరిలో ఈగిల్స్ ఆయన్ని తీసేసింది. 2022లో జాక్సన్‌విల్‌లో చేరాడు. తొలి ఏడాదే ప్లేఆఫ్స్‌లో 27-0తో వెనకబడిన మ్యాచ్‌ను 31-30తో గెలిచి చూపించాడు. 2024లో నాలుగు గెలుపులు, 13 ఓటములు. 2025 జనవరిలో అక్కడా తొలగింపే. ఈ వృత్తిలో ఉద్యోగ భద్రత లేదు. ఇంటి అద్దె ఒప్పందం మీద సంతకం చేసేముందు కూడా ఆలోచించుకోవాలి.

చేరాలనుకునేవాళ్లకు

ఎన్ఎఫ్ఎల్ ఆటగాళ్ల సంఘం లెక్క ప్రకారం సగటు ఆటగాడి కెరీర్ మూడేళ్ల పైచిలుకే. ముప్పై దాటకముందే రెండో వృత్తి వెతుక్కోవాలి. అమెరికాలో కోచింగ్ మెట్లు దాదాపు స్థిరంగా ఉంటాయి: కాలేజీలో పీజీ చదువుతూ గ్రాడ్యుయేట్ అసిస్టెంట్, తర్వాత క్వాలిటీ కంట్రోల్, ఒక స్థానానికి కోచ్, కోఆర్డినేటర్, హెడ్ కోచ్. మన దేశంలో ఇతర క్రీడల్లో ఆడినవాళ్లకు పాటియాలాలోని నేతాజీ సుభాష్ జాతీయ క్రీడా సంస్థ కోచింగ్ డిప్లొమా ముఖ్యమైన అర్హత. డిగ్రీతోపాటు ఆ క్రీడలో నిర్ణీత స్థాయి పోటీల్లో ఆడిన సర్టిఫికెట్లు అడుగుతారు కాబట్టి, ఇప్పుడు ఆడుతున్నవాళ్లు మండల, జిల్లా స్థాయి కాగితాలు సహా అన్నీ దాచిపెట్టుకోవాలి.

ఫ్లాగ్ ఫుట్‌బాల్ గురించీ తెలుసుకోండి. ఒకరినొకరు పడదోసుకోకుండా నడుముకు కట్టిన పట్టీ లాగే ఈ ఆటను 2028 లాస్ ఏంజెలెస్ ఒలింపిక్స్‌లో చేర్చారు. క్రికెట్‌ను కూడా చేర్చిన ఆ నిర్ణయం 2023 అక్టోబరులో ముంబైలో జరిగిన ఐఓసీ సమావేశంలోనే తీసుకున్నారు. కొత్త ఆటలకు కొత్త కోచ్‌లు కావాలి.

అసలు ఎప్పుడూ ఆడనివాళ్లకు, ముఖ్యంగా అమెరికాలో డేటా సైన్స్‌లో ఎంఎస్ చేస్తున్న మన పిల్లలకు ఇంకో దారి ఉంది. ఆటగాళ్ల భుజాల ప్యాడ్‌లలో ఉండే చిప్‌లు వాళ్ల కదలికలను నమోదు చేస్తాయి. ఎన్ఎఫ్ఎల్ ఏటా ‘బిగ్ డేటా బౌల్’ పేరుతో ఆ సమాచారంలో కొంత డేటా పోటీలు నడిపే కాగుల్ వెబ్‌సైట్‌లో పెట్టి పోటీ నిర్వహిస్తుంది. అందులో రాణించిన పలువురికి జట్ల విశ్లేషణ విభాగాల్లో ఉద్యోగాలు దొరికాయి. పాల్గొనేముందు ఒక సీజన్ మ్యాచ్‌లు చూడండి, ప్రతి ప్లేకూ ముందు వీడియో ఆపి, ఏం జరగబోతోందో కాగితం మీద రాసుకుని, ఆ తర్వాత వదలండి. క్వాలిటీ కంట్రోల్ గదిలో చేసేదీ ఇంచుమించు అదే.