సినిమా ఫైలా? పేరు చివర చూశాకే తెరవండి

సినిమా విడుదలైన సాయంత్రానికే టెలిగ్రామ్ చానళ్లలో, వాట్సాప్ గ్రూపుల్లో ఫైళ్లు తిరగడం మొదలవుతుంది. సినిమా పేరు, సంవత్సరం, 1080పీ, వెబ్-డీఎల్, ఎక్స్264... ఇన్ని వివరాలుంటే అసలు ప్రింటేనని నమ్మేస్తాం. అవన్నీ ఎవరైనా టైపు చేసి పెట్టగలిగినవే. వెబ్-డీఎల్ అంటే ఓటీటీ నుంచి నేరుగా దించినదని అర్థం. ఇంకా థియేటర్లలోనే ఆడుతున్న సినిమాకు అది ఎక్కడి నుంచి వస్తుంది? అక్కడే అనుమానించాలి.

చేయవలసినవి

పేరులో చివరి చుక్క తర్వాత ఏముందో చూడండి. ఎంకేవీ, ఎంపీ4 వీడియోలు. ఏపీకే ఆండ్రాయిడ్ యాప్. ఈఎక్స్ఈ, ఎస్‌సీఆర్ విండోస్‌లో నడిచే ప్రోగ్రాములు. విండోస్ ఈ తోకను మామూలుగా దాచేస్తుంది కాబట్టి ‘సినిమా.ఎంపీ4.ఈఎక్స్ఈ’ కాస్తా ‘సినిమా.ఎంపీ4’గా కనిపిస్తుంది. విండోస్ 11లో ఫైల్ ఎక్స్‌ప్లోరర్ తెరిచి వ్యూ, షో, ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ ఆన్ చేయండి. పిల్లలు వాడే కంప్యూటర్లో ఈ పని ఈరోజే చేయండి.

సైజూ చూడండి. రెండున్నర గంటల 1080పీ సినిమా పది ఎంబీల్లో ఇమడదు.

టెలిగ్రామ్‌ను ఎప్పటికప్పుడు అప్‌డేట్ చేయండి. 2024లో సైబర్ భద్రతా సంస్థ ఈసెట్ పరిశోధకులు ఆండ్రాయిడ్ టెలిగ్రామ్‌లో ఒక లోపం పట్టుకున్నారు. హానికరమైన యాప్ చాట్‌లో 30 సెకన్ల వీడియోలా కనిపించేది. నొక్కితే ప్లే అయ్యేది కాదు, వేరే ప్లేయర్ వాడమనేది. సరేనంటే ఆ యాప్‌ను ఇన్‌స్టాల్ చేయమని అడిగేది. 10.14.5 వెర్షన్‌తో ఆ లోపాన్ని సరిచేశారు.

చేయకూడనివి

‘ఈ కోడెక్ వేసుకుంటేనే సినిమా ఆడుతుంది’ అన్న లింకును నొక్కకండి. ఎంకేవీ ఆడకపోతే ప్లే స్టోర్ నుంచి వీఎల్‌సీ తెచ్చుకోండి, చాలు.

సినిమా చూపించే యాప్‌కు ఎస్ఎంఎస్‌లతో పనేముంది? ఎస్ఎంఎస్, యాక్సెసిబిలిటీ అనుమతులు అడిగితే ఇవ్వకండి. ఇస్తే ఓటీపీలు అవతలివాళ్ల చేతికి పోతాయి.

థియేటర్లో ఫోన్ పైకెత్తి తెరను రికార్డు చేయకండి. 2023 సినిమాటోగ్రాఫ్ సవరణ చట్టం ప్రకారం మూడు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు, కనీసం మూడు లక్షల రూపాయల జరిమానా. ఎంతోమంది రెక్కల కష్టం ఆ తెర మీద ఉంటుంది.

పొరపాటున ఇలాంటి హానికరమైన యాప్ వేసేసుకుంటే సిగ్గుపడి దాచకండి. వెంటనే డేటా, వైఫై ఆపేయండి. వేరే ఫోన్ నుంచి బ్యాంకుకు చెప్పి ఖాతా ఆపించండి. డబ్బు పోయి ఉంటే 1930కి ఫోన్ చేయండి.