కుందేలు - సీమకుందేలు

చిక్కబళ్ళాపురము, బాగేపల్లి, చింతామణి ప్రాంతములలో కుందేలును ఎరుగని విద్యార్థి యుండడు. తెలుగున దానిని కుందేలనియు, చెవులపిల్లి యనియు అందుము. ప్రక్క బల్లపై కూర్చున్న కన్నడ విద్యార్థి మొల యనును. అయితే ఇందొక చిక్కు కలదు. రాగిచేనిలో నుండి దుమికి పారిపోవు గోధుమవన్నె జంతువునకును, పంజరమున పెట్టి అమ్ము తెల్లని జంతువునకును మన రెండు భాషలలోను ఒకటే పేరు. ఆంగ్లమున మొదటిది హేర్, రెండవది రాబిట్. పేరు ఒకటియైనందున జంతువును ఒకటే యని మనవారు తలంతురు. ఈ తలంపు వలన పొలములలోని కుందేటి కూనల ప్రాణములకు ముప్పు కలుగుచున్నది. అది యెట్లో ముందు చెప్పుదుము.

ఈ పాఠమున పొలములోని దానిని కుందేలనియు, పెంపుడుదానిని సీమకుందేలనియు పిలుచుకొందము. సీమచింత వలెనే అదియు పరదేశము నుండి వచ్చినది.

రెండును ఒకే కుటుంబమునకు చెందినవి. పూర్వము శాస్త్రజ్ఞులు వీనిని ఎలుకలతోను, ఉడుతలతోను చేర్చిరి. కాని పైదవడ ముందరి పండ్ల వెనుక వీనికి మరి రెండు చిన్న పండ్లు దాగియుండును. ఎలుకకు అవి లేవు. 1912లో గిడ్లీ అను అమెరికా శాస్త్రజ్ఞుడు వీనిని ఎలుకల నుండి విడదీసి వేరొక క్రమముగా నిలిపెను.

మన కుందేలునకు మెడ వెనుక నల్లని మచ్చ యుండును. అందుచేతనే దాని శాస్త్రీయనామము లేపస్ నైగ్రికోలిస్. నల్లమెడ కుందేలని దీని యర్థము. తోక పైభాగమును నలుపే. చెవులు పొడవు, వెనుక కాళ్ళు మరింత పొడవు. నంది, కైవార కొండల చుట్టునున్న పొదలలోను, బాగేపల్లి మెట్టచేల గట్లపైనను ఇది సంచరించును. బొరియ త్రవ్వదు. గడ్డిలోనో పొదక్రిందనో మేనికి సరిపడునంత పల్లము చేసికొని పగలెల్ల అందు పడియుండును. చీకటి పడిన పిదప మేతకు వెడలును. మన కాలు దాదాపు మీద పడువరకు కదలదు. కదలినచో దానికి పరుగే రక్ష.

సీమకుందేలు జన్మభూమి స్పెయిను, పోర్చుగల్ దేశములు. అది బొరియలు త్రవ్వి గుంపుగా నివసించును. భయము కలిగినచో బొరియలో దూరును. న్యూజిలాండు వైట్, సోవియట్ చించిల్లా, అంగోరా, ఆరు కిలోలు మించి పెరుగు ఫ్లెమిష్ జయంట్, ఇట్లు రకములెన్ని యున్నను అన్నియు ఆ ఒక్క జాతి నుండి మనుష్యులు పెంచి తీసినవే. పేరులను నమ్మరాదు. న్యూజిలాండు వైట్ పుట్టినది అమెరికాలో. బెల్జియన్ హేర్ నిజమునకు రాబిట్, అమెరికాలోని జాక్ రాబిట్ నిజమునకు హేర్.

మన దేశపు అడవులలో సహజముగా సీమకుందేలు లేదు. కనుక సింహమును బావిలో దుమికించిన పంచతంత్రపు కుందేలును, చందమామలో పెద్దలు చూపు కుందేలును మన చేని కుందేలే. బొమ్మల పుస్తకములలో దానిని ఎఱ్ఱకన్నుల తెల్లని జంతువుగా చిత్రించుట చూచినపుడెల్ల మాకు నవ్వు వచ్చును.

అసలు భేదము పుట్టుకలో నున్నది. సీమకుందేలు సుమారు 31 దినములు గర్భము మోసి, తన మేని బొచ్చు పెరికి పరచిన గూటిలో పిల్లలను పెట్టును. వానికి బొచ్చుండదు. సుమారు పది దినములకు గాని కన్నులు విప్పవు. కుందేలు గర్భము సుమారు ఆరు వారములు. కూనలు నిండు బొచ్చుతో, తెరచిన కన్నులతో నేలపైననే పుట్టును. కొలది సేపటికే కదలగలవు. బొరియ లేని తల్లికి ఇట్టి కూనలే తగును గదా! ఈ రెండు జంతువులకు సంకరము కూడ పుట్టదు. క్రోమోజోములు సీమకుందేలునకు 44, కుందేలునకు 48.

వేరుసెనగ పెరుకునపుడు సాళ్ళ నడుమ కుందేటి కూన యొంటరిగా కనబడుట కలదు. తల్లి విడిచిపోయినదని జాలిపడి బాలురు దానిని ఇంటికి తెచ్చి, సీమకుందేటి పిల్లవలె పెంచదలచి ఆవుపాలు పోయుదురు. కాని తల్లి దానిని విడువలేదు. తల్లి వాసన నక్కలను, కుక్కలను రప్పించును గావున ఆమె దూరముగా నుండుటయే కూనకు కాపు. ఐరోపా కుందేళ్ళను గమనించినవారు, తల్లి దినమునకు ఒకేసారి, ప్రొద్దు గ్రుంకిన తరువాత వచ్చి కొలది నిమిషములు పాలిచ్చి పోవునని తెలిసికొనిరి. ఆ పాలు మిక్కిలి చిక్కనివి. పలుచని ఆవుపాలు పడక కూన కడుపు చెడును, బెదరుచేతను క్రుంగిపోవును. దానిని బ్రదికించుట అనుభవము గలవారికే కష్టము. అదియును గాక 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ప్రకారము కుందేలును వేటాడుటయు, పట్టుటయు నేరము.

కూన కనబడినచో దానిని ముట్టక, కుక్కను దూరముగా కట్టివేసి, ఆ చుట్టునున్న నాలుగు సాళ్ళను మరునాటికి విడిచిన చాలును. చీకటి పడిన పిదప తల్లి వచ్చును.