ఓడమ్ మహాశయుని పాఠ్యగ్రంథము

పాఠ్యగ్రంథమును పరీక్షకు సాధనముగా మాత్రమే తలచుట విద్యార్థులలో కద్దు. కాని కొన్ని పాఠ్యగ్రంథములు ఒక శాస్త్రమునకే రూపు దిద్దినవి. పరిసరముల విజ్ఞానమునకు అట్టి సేవ చేసిన గ్రంథ మొకటి 1953వ సంవత్సరమున అమెరికా దేశమున వెలువడెను. దాని పేరు 'ఫండమెంటల్స్ ఆఫ్ ఎకాలజీ'. ఆవరణశాస్త్ర మూలసూత్రములని దాని అర్థము. దానిని రచించిన విద్వాంసుడు యూజీన్ ఓడమ్.

ఓడమ్ 1913వ సంవత్సరమున జన్మించెను. ఆయన తండ్రి సమాజశాస్త్రమున పేరెన్నికగన్న ఆచార్యుడు. ఒక ప్రాంతపు ప్రజలను, నేలను, వృత్తులను కలిపి ఒక్కటిగా పరిశీలింపవలెనని ఆ తండ్రి అభిప్రాయము. బాలుడైన యూజీనునకు పక్షులన్న మిక్కిలి మక్కువ. పెరిగి పెద్దవాడైన పిమ్మట ఇల్లినాయి విశ్వవిద్యాలయమున పక్షుల గుండె కొట్టుకొను వేగమును గూర్చి పరిశోధించి, 1939వ సంవత్సరమున డాక్టరు పట్టమును పొందెను. మరుసటి సంవత్సరమే జార్జియా విశ్వవిద్యాలయమున అధ్యాపకుడుగా చేరెను.

1940వ దశకమున ఆ విశ్వవిద్యాలయపు జీవశాస్త్ర శాఖవారు, విద్యార్థు లెల్లరు తప్పక చదువవలసిన పాఠ్యాంశములను నిర్ణయించుటకు సమావేశమైరి. ఆవరణశాస్త్రమును గూడ చేర్చవలెనని ఓడమ్ ప్రతిపాదించెను. తోటి అధ్యాపకులు నవ్విరి. మొక్కలను, జంతువులను వెదకి పేర్లు వ్రాసికొనుటకు మించి అందు నేర్వదగిన సూత్రము లేమున్నవని వారి సందేహము. ఓడమ్ మనసు నొచ్చుకొనెను. అయినను ఆయన వారితో వాదమునకు దిగలేదు. వారి ప్రశ్నకు సమాధానము చెప్పగల గ్రంథమేదని తనలో తాను తర్కించుకొనెను. అట్టి గ్రంథము ఆయనకు కనబడలేదు.

అంతకు మున్ను గ్రంథములే లేవని కాదు. ఇంగ్లండు దేశీయుడైన చార్లెస్ ఎల్టన్ 1927వ సంవత్సరమున జంతువుల ఆవరణమును గూర్చి చక్కని గ్రంథమును రచించి, ఆహారశృంఖలమును వివరించెను. 1929వ సంవత్సరమున వీవర్, క్లెమెంట్స్ అను ఇరువురు మొక్కలను గూర్చి వ్రాసిరి. కాని జంతువుల పుస్తకము వేరు, మొక్కల పుస్తకము వేరు. గాలిని, నీటిని, నేలను, ప్రాణికోటిని ఏకము చేసి చూపు మాట మాత్రము అప్పటికే పుట్టియుండెను. 1935వ సంవత్సరమున టాన్స్లీ అను ఆంగ్ల శాస్త్రవేత్త దానిని ఆవరణ వ్యవస్థ అనెను. ఆ మాటనే పునాదిగా గొని ఓడమ్ తన గ్రంథమును నిర్మించెను.

సాధారణముగా పాఠ్యగ్రంథములు చిన్నదానితో మొదలిడి పెద్దదానికి పోవును. ఓడమ్ అందుకు భిన్నమైన మార్గమును త్రొక్కెను. ఆయన మొదట సంపూర్ణమైన ఆవరణ వ్యవస్థను చూపి, తరువాత దాని భాగములను వివరించెను. అందుకు ఆయన గ్రహించిన ఉదాహరణములలో చెరువు ఒకటి. చెరువునీటిలో లవణములు, వాయువులు కరగియుండును. నాచును, కంటికి కానరాని వృక్షప్లవకములును సూర్యరశ్మి సాయమున ఆహారమును సిద్ధపరచును. వానిని చిన్నజీవులు తినును. ఆ జీవులను చేపలు తినును. చచ్చినవానిని అడుగున నుండు సూక్ష్మజీవులు కుళ్ళజేసి, తిరిగి లవణములుగా మార్చును. ఇందు ద్రవ్యము సంతలోని నాణెమువలె చేతులు మారుచు తిరుగుచునే యుండును. శక్తి అట్లు కాదు. పొయ్యిలో కాలిన కట్టెవలె అది ఒకమారు వ్యయమైన మరల రాదు. కావుననే చెరువునకు ప్రతిదినము క్రొత్త యెండ కావలెను. శక్తిని గూర్చిన అధ్యాయమున యూజీనునకు ఆయన తమ్ముడు హోవర్డ్ ఓడమ్ తోడ్పడెను.

ఈ జ్ఞానము లేనిచో కలుగు నష్టమును కాలిఫోర్నియా యందలి క్లియర్ లేక్ అను సరస్సు తెలియజేసినది. అచ్చట దోమలను పోలిన పురుగులు ముసురుచుండెను. అవి రక్తము పీల్చవు గాని, వానివలన జనులకు మిక్కిలి విసుగుగా నుండెను. 1949వ సంవత్సరమున డి.డి.టి.ని పోలిన డి.డి.డి. అను మందును, ఏడు కోట్ల పాళ్ళ నీటికి ఒక పాలు చొప్పున కలిపిరి. పురుగులు తగ్గెను. తిరిగి అవి పెరుగగా 1954, 1957 సంవత్సరములలో మరల మందు వేసిరి. చేపలను పట్టి తిను గ్రీబులను నీటిపక్షులు గుంపులుగా చావసాగెను. కారణము వెంటనే తెలియలేదు. పిమ్మట చచ్చిన పక్షుల క్రొవ్వును పరీక్షింపగా, పదిలక్షల పాళ్ళలో 1,600 పాళ్ళ మందు కనబడెను. నీటిలోని మందు ప్లవకములలో చేరెను. వానినుండి చేపలకు, చేపలనుండి పక్షులకు పోవుచు, మెట్టు మెట్టునకు చిక్కనయ్యెను. మందు వేసినవారు పురుగును మాత్రమే చూచిరి; సరస్సును చూడలేదు.

ఓడమ్ సోదరులు తమ సూత్రములను పుస్తకమునకే పరిమితము చేయలేదు. 1954వ సంవత్సరమున వారు పసిఫిక్ మహాసముద్రమునందలి ఎనివెటాక్ దీవులకు వెళ్ళి, పగడపు దిబ్బ నొకదానిని ఒకే వ్యవస్థగా నెంచి, అది ఎంత ఆహారమును ఉత్పత్తి చేయునో, ఎంత వ్యయము చేయునో కొలిచిరి. గ్రంథపు రెండవ కూర్పు 1959వ సంవత్సరమునను, మూడవది 1971వ సంవత్సరమునను వెలువడెను. పెక్కు భాషలలోనికి అది అనువదింపబడెను. అనేక దేశముల విద్యార్థులు ఆవరణశాస్త్రమును ఆ గ్రంథముతోనే ఆరంభించిరి.

మన దేశమున కాశీ హిందూ విశ్వవిద్యాలయపు ఆచార్యుడు రామ్‌దేవ్ మిశ్ర ఈ శాస్త్రమును పెంపొందించెను. 1968వ సంవత్సరమున ఆయన 'ఎకాలజీ వర్క్ బుక్' అను అభ్యాసగ్రంథమును వెలువరించెను. 1991వ సంవత్సరము నవంబరు 22వ తేదీన, ఎం. సి. మెహతా అను న్యాయవాది తెచ్చిన వ్యాజ్యమున సుప్రీంకోర్టు తీర్పు చెప్పుచు, పరిసరముల విద్య పాఠశాలలయందును, కళాశాలలయందును తప్పనిసరి కావలెనని ఆదేశించెను. ఒకనాడు అధ్యాపకుల నవ్వునకు పాత్రమైన విద్య, నేడు మన దేశమున ప్రతి బాలుని పాఠ్యప్రణాళికలోను చేరినది.

1987వ సంవత్సరమున స్వీడన్ దేశపు శాస్త్రపరిషత్తు ఓడమ్ సోదరుల కిరువురకు క్రాఫూర్డ్ బహుమానము నొసగెను. యూజీన్ ఓడమ్ 2002వ సంవత్సరమున పరమపదించెను. 2007వ సంవత్సరమున జార్జియా విశ్వవిద్యాలయమున ఆవరణశాస్త్రమునకు ప్రత్యేకముగా ఒక విద్యాపీఠము వెలసినది. దానికి ఓడమ్ పేరే పెట్టబడినది. ఏ విశ్వవిద్యాలయమున ఆయన మాటకు నవ్విరో, ఆ విశ్వవిద్యాలయముననే ఆయన మాట నిలిచినది. పరిహాసమునకు ఆయన ఇచ్చిన ప్రత్యుత్తరము కోపము కాదు, గ్రంథము.

ప్రారంభ గ్రంథము గొప్పదనము పుటల సంఖ్యయందు లేదు. చదివిన వాని చూపును అది మార్చుటయందు గలదు. ఊరి చెరువుగట్టున నిలిచినపుడు చేపను మాత్రమే గాక, చేపను పోషించు నాచును, నాచును పెంచు ఎండను, బురదలో పనిచేయు సూక్ష్మజీవులను తలపోయగల బాలుడు, ఓడమ్ గ్రంథమును చూడకున్నను దాని మొదటి పాఠమును నేర్చినవాడే యగును.